సమ్మతి పత్రం దగ్గర మొదలుపెట్టు

విశాఖపట్నం

అమ్మలూ, ఆశీస్సులు.

ఎమ్మెస్సీ బయోటెక్నాలజీ అయ్యాక బయోఎథిక్స్‌లో, అంటే వైద్యంలో, జీవశాస్త్ర పరిశోధనలో ఏది న్యాయమో తేల్చే శాస్త్రంలో పీహెచ్‌డీ చేసి యూనివర్సిటీలో పాఠం చెప్పాలని ఉందన్నావు. చాలా సంతోషం. అయితే ముందు ఒక ముడి విప్పుకోవాలి. మన దేశంలో బయోఎథిక్స్ పేరుతో అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టు పడటం బహు అరుదు. నోటిఫికేషన్లు ఫిలాసఫీ, లా, సోషియాలజీ, కమ్యూనిటీ మెడిసిన్ అనే పేర్లతో వస్తాయి. అధ్యాపక అర్హత పరీక్ష యూజీసీ నెట్ సబ్జెక్టుల్లో బయోఎథిక్స్ లేనే లేదు. దరఖాస్తులు వడపోసేవాళ్లు మొదట చూసేది పీజీ ఏ సబ్జెక్టులో చేశావు, 55 శాతం ఉందా, నెట్ ఎందులో రాశావు అన్నదే. బయోటెక్నాలజీ పీజీతో ఫిలాసఫీ పోస్టుకు వేస్తే థీసిస్ ఎంత గొప్పదైనా అక్కడే ఆగిపోతుంది. కాబట్టి నీ చదువుకు పుట్టిల్లు ఏదో ముందు తేల్చుకో.

ఫిలాసఫీ అయితే ఆంధ్రా యూనివర్సిటీలోనో ఇగ్నోలోనో రెండేళ్ల ఎంఏ. లా అయితే మూడేళ్ల ఎల్ఎల్‌బీ, ఆ పైన ఎల్ఎల్ఎం, అంటే కనీసం నాలుగేళ్లు. నన్నడిగితే ఫిలాసఫీయే తీసుకోమంటాను. సైన్స్ నీకు ఎలాగూ ఉంది, వాదన కట్టడం, ఎదుటివాడి వాదనలో సందు వెతకడం ఇంకా నేర్చుకోవాలి. నెట్ ఏటా రెండుసార్లు, జూన్‌లో, డిసెంబర్‌లో జరుగుతుంది. మూడు గంటలు, 150 ప్రశ్నలు, 300 మార్కులు. అందులోనే వచ్చే పరిశోధన ఫెలోషిప్ జేఆర్ఎఫ్‌కు వయోపరిమితి 30 ఏళ్లు, ఆడవాళ్లకు మరో ఐదేళ్ల సడలింపు ఉంది. వస్తే మొదటి రెండేళ్లు నెలకు 37,000, తర్వాత 42,000 రూపాయలు, హెచ్ఆర్ఏ వేరే. అది చేతిలో ఉంటే ఇంట్లో చెయ్యి చాచకుండా పీహెచ్‌డీ నడుస్తుంది.

ఈ చదువులో చాలామంది జారే చోటు ఒకటుంది. మనుషుల మీద పరిశోధనకు హద్దులు గీసిన నురెంబర్గ్ కోడ్ 1947, హెల్సింకి ప్రకటన 1964, బెల్మాంట్ నివేదిక 1979 అని వల్లె వేస్తారు. స్వయంనిర్ణయం, మేలు చేయడం, హాని చేయకపోవడం, న్యాయం అని నాలుగు సూత్రాలు చెబుతారు. పరిశోధనలో చేరే మనిషి చదివి సంతకం పెట్టే సమ్మతి పత్రం తెలుగులో ఒకటి చేతికిస్తే అందులో తప్పెక్కడుందో చూపలేరు. పరిశోధనలను పరిశీలించి అనుమతి ఇచ్చే ఎథిక్స్ కమిటీకి కావలసింది ఆ చూపే.

భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) 2017 మార్గదర్శకాలు, 2019 నాటి కొత్త మందులు, క్లినికల్ ట్రయల్స్ నియమాలు రెండూ అచ్చు తీసి దగ్గర పెట్టుకో. కమిటీలో కనీసం ఏడుగురు ఉండాలి. సగం మంది ఆ సంస్థకు బయటివాళ్లు కావాలి, చైర్‌పర్సన్ తప్పనిసరిగా బయటి మనిషే. కనీసం ఐదుగురు లేకుండా సమావేశం చెల్లదు. ఎథిక్స్ చదివినవాళ్లకు, సామాజిక శాస్త్రవేత్తలకు అందులో చోటుంది. నీకు ఇప్పుడే సభ్యత్వం ఇవ్వరు. పరిశీలకురాలిగా కూర్చోనివ్వమని మెంబర్ సెక్రటరీకి రాతపూర్వకంగా అడుగు. గోప్యత ఒప్పందం మీద సంతకం పెట్టించుకుని ఒప్పుకునే కమిటీలు ఉంటాయి. క్లినికల్ ట్రయల్స్ సక్రమంగా నడపడంపై ఇచ్చే జీసీపీ శిక్షణ సర్టిఫికెట్ ముందే తెచ్చుకుని వెళ్తే మాట చెల్లుతుంది.

పరిశోధన ప్రతిపాదన చేతికొచ్చినప్పుడు ప్రోటోకాల్ (పరిశోధన ఎలా చేస్తారో రాసిన ప్రణాళిక) పక్కన పెట్టి సమ్మతి పత్రమే ముందు చదువు, అదీ తెలుగు ప్రతి. నర్సీపట్నం నుంచి తెల్లవారుజామున బస్సెక్కి ఇక్కడి పెద్దాసుపత్రి కేజీహెచ్ ఓపీ వరుసలో నిలబడ్డ మనిషి చదువుతున్నట్టు ఊహించుకో. 'యాదృచ్ఛికీకరణ' అని ఉంటే కొట్టెయ్. 'చీటీ వేసినట్టు కంప్యూటర్ నిర్ణయిస్తుంది, మీ డాక్టరు ఎంచుకోరు' అని రాయమను. ప్లాసిబో అంటే 'మందు లేని ఉత్త మాత్ర'. రక్తం 5 మిల్లీలీటర్లని ఉంటే పక్కన 'ఒక టీ చెంచా' అని ఉండాలి. అన్నిటికన్నా ముఖ్యం, ఇది పరిశోధన అన్న మాట మొదటి వాక్యంలోనే రావాలి. లేకపోతే డాక్టరుగారు తన జబ్బుకు కొత్త మందు ఇస్తున్నారని రోగి అనుకుంటాడు. సంతకం పడుతుంది, సమ్మతి మాత్రం పుట్టదు.

తర్వాత చూడాల్సినవి: వద్దంటే ఇక్కడ వైద్యం ఆగదని స్పష్టంగా ఉందా, ట్రయల్ వల్ల హాని జరిగితే ఉచిత వైద్యం, పరిహారం సంగతి రాశారా, ఫోన్ నంబరు పరిశోధకుడిది ఒక్కటేనా, కమిటీది కూడా ఉందా, ఒక ప్రతి రోగి చేతికి ఇస్తున్నారా. చదవడం రానివాళ్లు వేలిముద్ర వేస్తే నిష్పాక్షికమైన సాక్షి ఉండాలి. పరిశోధక బృందంలోని నర్సు సాక్షి కాదు. 7 నుంచి 12 ఏళ్ల పిల్లల దగ్గర నోటిమాటగా, 12 నుంచి 18 వాళ్ల దగ్గర రాతపూర్వకంగా అంగీకారం తీసుకోవాలి, తల్లిదండ్రుల సమ్మతి దానికి అదనం.

ఈ చివరి మాట ఎంత బరువైనదో తెలియాలంటే ఖమ్మం జిల్లాలో 2009లో గిరిజన బాలికలకు గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను అడ్డుకునే హెచ్‌పీవీ టీకాలు వేసిన ప్రాజెక్టు గురించి 2013లో పార్లమెంటరీ స్థాయీ సంఘం ఇచ్చిన నివేదిక పూర్తిగా చదువు. అమ్మానాన్నల సంతకం ఉండాల్సిన చోట హాస్టల్ వార్డెన్లు, హెడ్మాస్టర్లు సంతకాలు చేశారు. కొందరు బాలికలు చనిపోయాక 2010 ఏప్రిల్‌లో ప్రాజెక్టు ఆపేశారు. ఆ మరణాలకు టీకాతో సంబంధం ఉండకపోవచ్చని విచారణ చెప్పింది. అయినా సమ్మతిలో జరిగిన తప్పు తప్పే. హాని వేరు, అన్యాయం వేరు అని విడదీసి చెప్పగలిగిన రోజున నువ్వు ఈ శాస్త్రంలో అడుగుపెట్టినట్టు.

థీసిస్‌కు 'భారతదేశంలో బయోఎథిక్స్' లాంటి ఆకాశమంత అంశం పెట్టుకోకు. పాడేరు ఏజెన్సీ దగ్గరే ఉంది. 2023 జూలైలో మొదలైన జాతీయ సికిల్ సెల్ (ఎర్ర రక్తకణాలు కొడవలి ఆకారంలోకి మారే వంశపారంపర్య జబ్బు) మిషన్ కింద 40 ఏళ్లలోపు వాళ్లకు పరీక్షలు చేసి కార్డులిస్తున్నారు. ఆ లక్షణం, అంటే తమకు జబ్బు లేకపోయినా దాని జన్యువు, మోసే ఇద్దరు పెళ్లి చేసుకుంటే ప్రతి కాన్పులోనూ బిడ్డకు జబ్బు వచ్చే అవకాశం నాలుగింట ఒక వంతు. దాన్ని 'నలుగురిలో ఒకరికి వచ్చేసింది కాబట్టి మిగతా ముగ్గురికీ రాదు' అని తప్పుగా అర్థం చేసుకుంటారు. పెళ్లి కాని పిల్ల కార్డు ఎవరెవరు చూడొచ్చు? లక్షణం అబ్బాయిలో ఉన్నా సంబంధం తప్పిపోయిన మాట ఎవరి మీద పడుతుంది? కువి, ఆదివాసీ ఒడియా మాట్లాడేవాళ్లకు తెలుగులో కౌన్సెలింగ్ చేస్తే ఏం చేరుతుంది? ఒక్కో ప్రశ్నా ఒక్కో అధ్యాయం. ఊరి పెద్ద సరేనంటే ఊళ్లోకి వెళ్లొచ్చు, అంతవరకే. ఇంటింటా మనిషి మనిషినీ విడిగా అడగాలి.

'రక్తం తీయట్లేదు, ఇంటర్వ్యూలే కదా' అనుకుని ఎథిక్స్ అనుమతి లేకుండా బయల్దేరడం ఆర్ట్స్ విభాగాల్లో తరచు జరిగే పొరపాటు. ఆరోగ్యం మీద సామాజిక పరిశోధనకూ అనుమతి కావాలి, జరిగిపోయిన పనికి వెనక తేదీతో ఇవ్వరు. అది లేకపోతే మంచి జర్నల్ నీ వ్యాసాన్ని ముట్టదు. పీహెచ్‌డీకి కనీసం మూడేళ్లు, గరిష్ఠం ఆరేళ్లు. మొదటి ఏడాది కోర్సువర్క్ నడుస్తుండగానే ఎథిక్స్ అనుమతికి దరఖాస్తు పెట్టెయ్. 25, 30 ఇంటర్వ్యూలు చాలు. గంట రికార్డింగు రాసుకోవడానికి ఆరు గంటలైనా పడుతుంది, అనువాదం వేరే.

రాతకోతల సంగతి. మొదటి వ్యాసం చిన్నదే రాయి, ఒక తీర్పు మీద 1,500 మాటల వ్యాఖ్య. కోలుకునే ఆశ లేనప్పుడు యంత్రాలతో బతికించవద్దని ముందే రాసిపెట్టే లివింగ్ విల్‌పై సుప్రీంకోర్టు 2018లో ఇచ్చిన తీర్పునూ, 2023లో చేసిన సవరణనూ పక్కపక్కన పెట్టు. మేజిస్ట్రేట్ సంతకం కావాలన్న నిబంధన నోటరీ లేదా గెజిటెడ్ అధికారి దాకా ఎందుకు దిగివచ్చిందో వివరిస్తే చాలు. ఇండియన్ జర్నల్ ఆఫ్ మెడికల్ ఎథిక్స్ పాత సంచికలు ఉచితంగా దొరుకుతాయి, ముందు అవి చదువు. వారంలో అచ్చేస్తాం, డబ్బు కట్టండి అనే జర్నల్‌కు పొరపాటున కూడా పంపకు. ఆ మచ్చ సీవీ నుంచి పోదు. డాక్టర్లతో కలిసి రాసేటప్పుడు పేర్ల వరుస పని మొదలవకముందే ఈమెయిల్‌లో రాసుకోండి.

ఈ నెలాఖరుకు ఒక పని చెయ్. క్లినికల్ ట్రయల్ సమ్మతి పత్రం నమూనా ఒకటి తీసుకుని రెండు పేజీల తెలుగులోకి తిరగరాయి. మీ వీధిలో ఇస్త్రీ చేసే అతనికో, పువ్వులమ్మే ఆవిడకో చదివి వినిపించి, విన్నది వాళ్ల మాటల్లో చెప్పమను. ఎక్కడ తడబడ్డారో మార్జిన్‌లో రాసి ఆ కాగితాలు నాకు పంపు.

మీ మామయ్య