13 తెరిచి 12 మూస్తే 92 మార్కులా?

ప్రశ్న: నేనొక నవల రాస్తున్నానండీ. నాయనమ్మ మనవరాలికి కథ చెబుతుంది, ఆ కథలో ఒక రైల్వే గ్యాంగ్‌మన్ ఇంకో కథ చెబుతాడు, అందులో ఒక దొంగ తన కథ చెప్పుకుంటాడు. ఇలా లోపలికి పోయేకొద్దీ నాకే తికమకగా ఉండి, ఒక కొలత తయారుచేసుకున్నాను. పేరు ‘పొందిక శాతం’. ముగించిన కథల్ని మొదలుపెట్టిన కథలతో భాగించి వందతో గుణించడమే. 13 మొదలుపెట్టి 12 ముగించాను, అంటే 92 వచ్చింది. కానీ చదివిన ఇద్దరు స్నేహితులూ దొంగ చనిపోయే చోట నమ్మేలా లేదన్నారు. ఆ పేజీలు కూడా పంపుతున్నాను. తేడా ఎక్కడుంది?
– ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: మీ కొలత నాకు నచ్చింది, ఎగతాళికి అనట్లేదు. 13 కథలు తెరిచి కూర్చున్న మనిషికి ఏదో ఒక చిట్టా లేకపోతే మూడో అధ్యాయానికే టెన్షన్ మొదలవుతుంది. అయితే మీరు లెక్కపెట్టినవి తలుపులు. ఏది తీశాం, ఏది వేశాం, అంతే. మీ స్నేహితులు ఆగిపోయింది ఇంకో చోట. దొంగ అర్ధరాత్రి ఒంటరిగా పాడుబావిలో పడ్డాడు, ఎవరితోనూ మాట్లాడకుండానే పోయాడు, పోయే ముందు వాడికి చెల్లెలి పెళ్లి గుర్తొచ్చిందని రాశారు. మరి ఆ సంగతి గ్యాంగ్‌మన్‌కి ఎవరు చెప్పారు? అతనికే తెలియనిది నాయనమ్మ దాకా ఎలా వచ్చింది? దొంగ కథ ముగిసింది కాబట్టి మీ శాతం ఒక్క మార్కు కూడా తగ్గించలేదు.

ఈ విషయంలో భారతాన్ని మించిన పాఠం లేదు. గీత తీసుకోండి. కృష్ణుడు అర్జునుడికి చెప్పాడు. దాన్ని సంజయుడు ధృతరాష్ట్రుడికి చెప్పాడు, వైశంపాయనుడు సర్పయాగంలో జనమేజయుడికి చెప్పాడు, సూతుడు నైమిశారణ్యంలో శౌనకాది మునులకి చెప్పాడు. నాలుగు నోళ్లు దాటి వచ్చిన మాట అది. కురుక్షేత్రంలో ఎవరెవరు ఏమన్నారో, ఏం చేశారో సంజయుడికి అంతా ఎలా తెలిసింది అని ఎవరైనా అడుగుతారని ముందే తెలిసినట్టు, వ్యాసుడు దివ్యదృష్టి ఇచ్చాడని చెప్పి పెట్టారు. నాకు అంతకంటే ముచ్చటేసేది సౌప్తిక పర్వంలో ఉంది. దుర్యోధనుడు చనిపోగానే, ఋషి ఇచ్చిన చూపు ఇక లేదు, పోయింది అని సంజయుడే ధృతరాష్ట్రుడితో చెప్పేస్తాడు. చూశారా, ఇచ్చింది రాసుకున్నారు, తిరిగి తీసుకున్నదీ రాసుకున్నారు. కిరాణా కొట్టు ఖాతా కూడా ఇంత నిక్కచ్చిగా ఉండదు. ఇక సర్పయాగంలో వైశంపాయనుడు కథ చెబుతుంటే వ్యాసుడు అక్కడే ఉన్నాడు, చెప్పమన్నదే ఆయన!

అందుకని మీ శాతాన్ని పారేయకుండా, పక్కన ఇంకో లెక్క పెట్టుకోండి. దానికి ‘నోటి లెక్క’ అని పేరు పెడదాం, నేనిప్పుడే కల్పించాను, ఏ పుస్తకంలోనూ వెతక్కండి. ఒక లోపలి కథ తీసుకుని, అందులోని ఒక్కో సంగతి దగ్గర ఆగి, ఇది ఎవరి నోటి నుంచి ఎవరి చెవికి వచ్చిందో పక్కన రాయండి. దారి దొరకని సంగతి కింద ఎర్ర గీత. 40 సంగతుల్లో 34కి దారి ఉంటే 85 శాతం. 13 కథలకీ చేయకండి, ప్రాణం విసిగిపోతుంది, దొంగ కథ ఒక్కదానికి చాలు.

ఎర్ర గీత పడిందని కొట్టేయక్కర్లేదు కూడా. కథాసరిత్సాగరం అనే పాత సంస్కృత కథల పుస్తకంలో, శివుడు పార్వతికి ఎవరూ వినకూడదని చెప్పిన కథని ఆయన సేవకుడు పుష్పదంతుడు చాటుగా విని పెళ్లానికి చెప్పాడు, ఆవిడ వెళ్లి పార్వతి దగ్గరే చెప్పేసింది, దాంతో శాపం, అక్కణ్ణించే అసలు గొడవంతా మొదలు. దారి లేని చోట దొంగదారి పెట్టి దాన్నే కథ చేశారన్నమాట. మీకైతే అంత అవసరం లేదు. చెల్లెలి పెళ్లి దగ్గర నాయనమ్మ చేత “నేనేమన్నా చూడొచ్చానా, గుర్తొచ్చే ఉంటుందిలే, ఎంతైనా అన్న కదే” అనిపించండి. అది ఆవిడ ఊహ అయిపోతుంది, పైగా ఆవిడ ఎలాంటి మనిషో కూడా తెలుస్తుంది.

ఇంకో సంగతి, ఈ రెండు కొలతలూ తెలుగు కవి పింగళి సూరన ముందు చేతులెత్తేస్తాయి. 16వ శతాబ్దంలో ఆయన రాసిన కళాపూర్ణోదయంలో, బ్రహ్మ సరస్వతికి సరదాగా చెప్పిన కథే భూమ్మీద మనుషుల జీవితమై నడుస్తుంది. ఇప్పుడు ఏది లోపలి కథ, ఏది బయటిది? అక్కడ క్యాలిక్యులేటర్ పక్కన పెట్టేసి చదువుకోవడమే.

ప్రశ్న: బేతాళుడు ప్రతిసారీ చెట్టెక్కేస్తాడు కదా, రాజు శవాన్ని మోసే ఆ బయటి కథ అసలు ముగుస్తుందా అని మా అబ్బాయి అడుగుతున్నాడు.
– ఒక తండ్రి, నిజామాబాద్

జవాబు: ముగుస్తుంది. పాత సంస్కృత కథల్లో చివరి ప్రశ్న ఇది: ఒక తండ్రి వేరే ఇంటి అమ్మాయిని, అతని కొడుకు ఆ అమ్మాయి తల్లిని పెళ్లి చేసుకుంటే, వాళ్లకి పుట్టిన పిల్లలు ఒకరికొకరు ఏమవుతారు? రాజుకి జవాబు తట్టలేదు, నోరు మెదపలేదు, శవం భుజం మీదే ఉండిపోయింది. మీ అబ్బాయిని కాగితం, పెన్సిలు తీసుకుని ఆ వరసలు తేల్చమనండి, ఆదివారం గడిచిపోతుంది.