మార్త అంటే ఇంటి దొరసాని

ప్రశ్న: మా నాయనమ్మ పేరు మార్తమ్మ. ఆవిడ పేరే మా పాపకు పెడదామంటే ఇంట్లో అందరూ పాతకాలం పేరంటున్నారు. అసలు దీని అర్థమేంటి? – ఒక పాఠకురాలు, గుంటూరు

జవాబు: నిక్షేపంగా పెట్టుకోండమ్మా. యేసు కాలంలో యూదులు మాట్లాడిన అరామిక్ భాషలో మార్త అంటే యజమానురాలు, ఇంటి దొరసాని. కేరళలో సిరియన్ క్రైస్తవులు బిషప్పుల పేర్లకు ముందు ప్రభువు అనే అర్థంలో 'మార్' అని చేరుస్తారు చూడండి, దానికి స్త్రీలింగమే ఇది. బేతనియలో మరియకూ లాజరుకూ తోబుట్టువు మార్త. లూకా సువార్త 10వ అధ్యాయంలో యేసు ఇంటికొస్తే ఈవిడ పనుల్లో సతమతమైపోతూ, ఆయన పాదాల దగ్గర కూర్చుని వింటున్న మరియను నాకు సాయం చేయమనండి అని ఆయనతోనే అంటుంది, అందుకే ప్రసంగాల్లో ఈవిడను కాస్త తక్కువ చేస్తుంటారు, నాకది అన్యాయమనిపిస్తుంది. యోహాను 11 కూడా చదవండి. సోదరుణ్ణి సమాధి చేసి నాలుగు రోజులైంది, ఇంటినిండా ఓదార్చడానికి వచ్చిన జనం, అయినా యేసు వస్తున్నాడని వినగానే లేచి ఎదురెళ్లి, నువ్వే క్రీస్తువని నమ్ముతున్నానని చెప్పింది మార్తే! కతోలిక సంఘంలో జూలై 29 ఆమె పండుగ, 2021లో ఇచ్చిన ఉత్తర్వుతో మరియనూ లాజరునూ కూడా అదే రోజు స్మరిస్తున్నారు. ఇంట్లోవాళ్లకు ఆ యోహాను అధ్యాయం ఒకసారి చదివి వినిపించండి.