పుయోల్ ఉండిపోయాడని మీ అబ్బాయీ ఉండిపోవాలా?

ప్రశ్న: మా అబ్బాయి క్యాంపస్ సెలెక్షన్‌లో వచ్చిన సాఫ్ట్‌వేర్ కంపెనీలోనే నాలుగేళ్లుగా చేస్తున్నాడు. ఇప్పుడు ఇంకో కంపెనీ మంచి జీతంతో ఆఫర్ ఇచ్చింది. వెళ్లనంటున్నాడు. ఎందుకురా అంటే స్పెయిన్ ఫుట్‌బాల్ ఆటగాడు కార్లెస్ పుయోల్ పేరు చెబుతాడు. ‘ఆయన బార్సిలోనా తప్ప ఇంకో క్లబ్బుకి ఆడలేదు నాన్నా’ అంటాడు. మా బావమరిది కొడుకు ఈలోగా మూడు కంపెనీలు మారాడు. వీడికి ఎలా నచ్చజెప్పాలి?
- ఓ తండ్రి, విజయనగరం

జవాబు: ముందుగా మీ బావమరిది కొడుకుని ఈ లెక్కలోంచి తీసేయండి సార్. ఆ పేరు ఎత్తినన్నాళ్లూ మీవాడు మీ మాట వినడు.

ఇక పుయోల్ సంగతి. మీవాడు మంచి మనిషినే ఆదర్శంగా పెట్టుకున్నాడు కానీ, ఆయన కథ సగమే చూసినట్టున్నాడు. 15 సీజన్లు, 593 మ్యాచ్‌లు, 2004 నుంచి పదేళ్లు కెప్టెన్సీ. ఇదంతా నిజమే. కానీ 1998లో ఆ క్లబ్బే ఆయన్ని మలగా జట్టుకి అమ్మడానికి ఒప్పుకుంది. అప్పటికి ఆయన బి జట్టులో, అంటే సీనియర్ జట్టు కింద ఉండే రెండో జట్టులో ఉన్నాడు. వెళ్లనన్నది పుయోలే. ఎందుకు వెళ్లనన్నాడో మీ అబ్బాయిని అడగండి. తనతోపాటు అకాడమీలో పెరిగిన స్నేహితుడు జావికి అప్పుడే సీనియర్ జట్టులో చోటు దొరికింది. అంటే లోపలి కుర్రాళ్లకి ఇక్కడ దారి ఉందని కళ్లారా చూశాకే ఆగాడు. మరుసటి ఏడాదే కోచ్ వాన్ గాల్ ఆయన్ని సీనియర్ జట్టులో దించాడు. మీవాడి కంపెనీలో అలాంటి జావి ఎవరైనా ఉన్నారా? ఫ్రెషర్‌గా చేరి, అక్కడే పెద్ద బాధ్యతలకు ఎదిగిన వాళ్ల పేర్లు రెండు చెప్పమనండి. టక్కున చెప్పగలిగితే మీ టెన్షన్ సగం తగ్గినట్టే.

రెండో సంగతి, పుయోల్ ఒకే క్లబ్బులో ఉన్నాడు గానీ ఒకే పని చేయలేదు. చిన్నప్పుడు సొంతూళ్లో గోల్‌కీపర్. భుజం నొప్పులతో అది మానేసి, ముందుండి గోల్స్ కొట్టే ఫార్వర్డ్ అయ్యాడు. 17 ఏళ్లకి బార్సిలోనా అకాడమీ లా మాసియాలో చేరాక మైదానం మధ్యలో, మిడ్‌ఫీల్డ్ ఆడాడు (జావి అక్కడికి 11 ఏళ్లకే వచ్చాడు, కాబట్టి పుయోల్‌ది ఆలస్యమే). బి జట్టులో కుడివైపు కాపు కాసే రైట్ బ్యాక్, ఆ తర్వాత మధ్యలో కాపు కాసే సెంటర్ బ్యాక్. మీ అబ్బాయి నాలుగేళ్లలో ప్రాజెక్ట్ గానీ, టెక్నాలజీ గానీ మారాడా? మొదటి ఏడాది చేసిన సపోర్ట్ టికెట్లే ఇవాళా క్లోజ్ చేస్తూ కూర్చుంటే, దానికి పుయోల్ పేరు పెట్టుకోవడం ఆయనకి అన్యాయం.

ఉండిపోతే ఏం దక్కుతుందో కూడా చెప్పాలి. 2010 ప్రపంచకప్ సెమీఫైనల్, డర్బన్‌లో జర్మనీ మీద. పుయోల్, జావి ఇద్దరూ స్పెయిన్ తరఫున ఆడుతున్నారు. 73వ నిమిషంలో జావి కార్నర్ కొట్టాడు. బాక్స్ బయటి నుంచి పరుగెత్తుకొచ్చిన పుయోల్, అందరికంటే పైకి ఎగిరి తలతో గోల్ చేశాడు. మ్యాచ్‌లో అదొక్కటే గోలు. బంతి ఎక్కడ పడుతుందో పుయోల్‌కి తెలుసు, పుయోల్ ఎప్పుడు ఎగురుతాడో జావికి తెలుసు. ఏళ్ల తరబడి కలిసి ఆడితేనే అంత పొత్తు కుదురుతుంది. ఆఫీసులోనూ అంతే. మీవాడి మాటకి విలువిచ్చే మేనేజరు, ‘ఆ మాడ్యూల్ అతన్నే అడగండి’ అనే టీమ్ ఉంటే, 30 శాతం హైక్ కోసం అవి వదులుకోమని నేను చెప్పను. జీతం మరీ తక్కువైతే అది వేరే మాట.

ఇంకొకటి. పుయోల్‌కి 2016 దాకా కాంట్రాక్టు ఉంది. మోకాలు సహకరించక 2014లోనే వెళ్లిపోయాడు. 2019లో క్లబ్బు డైరెక్టర్ పదవికి పిలిస్తే, ఆలోచించి వద్దన్నాడు. క్లబ్బు మీద ప్రేమ ఉన్నవాడు క్లబ్బుకి ‘నో’ కూడా చెప్పగలిగాడు. మీవాడు ఆగుతున్నది కంపెనీ మీద ఇష్టంతోనా, కొత్త చోట ఇంటర్వ్యూలు, కొత్త మనుషులు అంటే బెరుకుతోనా? ఇది మీరు అడిగితే కోపం వస్తుంది. అతని స్నేహితుల్లో ఒకరి చేత అడిగించండి.

ఈ వారం చేయాల్సింది: కొత్త ఆఫర్‌కి గడువు ఎప్పటిదాకానో కనుక్కోమనండి. ఆ లోపు మేనేజర్‌తో కూర్చుని, వచ్చే రెండేళ్లలో తనకి ఏ పని ఇస్తారో, జీతం ఎంత సవరిస్తారో అడగమనండి. బెదిరింపు ధోరణిలో కాదు, మామూలుగానే. నోటిమాటతో సరిపెట్టకుండా మెయిల్‌లో జవాబు వస్తే మంచిది. ‘చూద్దాంలే’ అంటే అదీ జవాబే. పోతూ పోతూ ఒక చిన్న లెక్క: పర్మినెంట్ ఉద్యోగికి గ్రాట్యుటీ రావాలంటే మామూలుగా అయిదేళ్ల సర్వీసు ఉండాలి. మీవాడికి నాలుగు దాటి ఎన్ని నెలలయిందో చూసుకుని, చేరే తేదీ కాస్త వెనక్కి జరపగలరేమో కొత్త కంపెనీని అడగడంలో తప్పులేదు.