కూటసాక్ష్యానికి ఎంతమంది కావాలి?

సందేహం: మా బావగారిని ఒక కంపెనీ పనిలోంచి తీసేసింది. తిరిగి తీసుకోమని కటక్ హైకోర్టు చెప్పినా తీసుకోలేదు. పైగా ‘అతనే రావడం మానేశాడు’ అని మేనేజరు అఫిడవిట్ వేశాడు. తోటి కార్మికుల కోసం తెలుగులో కరపత్రం రాస్తున్నాను. ఒడియాలో ‘అదాలత అబమానన’ అంటారు కదా అని ‘కోర్టును అవమానించారు’ అన్నాను. ‘ధిక్కరణ’ అనాలని ఒకరు దిద్దారు. ఏది సరి? అబద్ధమాడింది మేనేజరు ఒక్కడే కదా, ‘కూటసాక్ష్యం’ అనొచ్చా?
– ఒక పాఠకుడు, గుణుపురం

సమాధానం: రెండోది ముందు చూద్దాం. ఒక్కడు చాలు. కూడు నుంచి వచ్చిన కూటం, కూటమి తెలుగు మాటలు. కూటసాక్ష్యంలోని ‘కూట’ సంస్కృతం, కపటమని అర్థం. కూటనీతిలో ఉన్నదీ అదే. పది మంది కూడబలుక్కోనక్కర్లేదు.

అయినా కరపత్రంలో ఆ మాట వద్దు. షిఫ్టు దిగి టీ కొట్టు దగ్గర చదివేవాళ్లకూ మీకొచ్చిన అనుమానమే వస్తుంది. ‘దొంగసాక్ష్యం’ అనండి. గిడుగు రామమూర్తిగారు వాడుక మాట కోసం పోరాడింది పర్లాకిమిడి నుంచే. ఆ పొరుగువారికి ఇది నేను చెప్పాలా!

‘తప్పుడు అఫిడవిట్’ అన్నా బాగుంటుంది, ‘డు’ మాత్రం వదలకండి. కూడికలో ఒకటి మరిచిపోతే తప్పు లెక్క. డబ్బు నొక్కేయడానికి రాస్తే తప్పుడు లెక్క. మేనేజరు 12వ తేదీకి బదులు 21 అని వేస్తే తప్పు. గేటు దగ్గర తానే వెనక్కి పంపి, ‘అతనే రాలేదు’ అని ప్రమాణం చేస్తే తప్పుడు. చట్టం పట్టుకునేదీ అక్కడే: అబద్ధమని తెలిసి చెప్పడం. పాత శిక్షాస్మృతిలో 191, 193 సెక్షన్లు. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 227, 229. అన్నట్టు, అఫిడవిట్‌ను ఒడియాలో ‘సత్యపాఠ’ అంటారు. సత్యపాఠంలో అబద్ధం!

ఇక ధిక్కరణ. ‘ధిక్’ అంటే ఛీ. అంటే పుట్టుకలో ఇదీ అవమానమే. తెలుగులోకి వచ్చాక ‘లెక్కచేయకపోవడం’ అన్న అర్థం గట్టిపడింది. ఒడియా, హిందీ వాళ్లు అవమానన దగ్గరే ఉన్నారు. తెలుగులో అవమానించడమంటే నలుగురిలో మాట అనడం. 1971 నాటి చట్టంలో ఇవి వేరు వేరు: ఉత్తర్వును కావాలని పాటించకపోవడం సివిల్ ధిక్కరణ, కోర్టుకు అపకీర్తి తెచ్చే మాటలూ రాతలూ క్రిమినల్ ధిక్కరణలోకి వస్తాయి. మీ బావగారి కంపెనీ కోర్టును ఒక్క మాటా అనలేదు, చెప్పింది చేయలేదంతే. కాబట్టి మిమ్మల్ని దిద్దినవారిదే సరి. ధిక్కారం అన్నా తప్పు కాదు గానీ, ‘ధిక్కార స్వరం’ లాంటి చోట్ల అది బాగా అతుకుతుంది. కోర్టు పక్కన పత్రికల్లో ధిక్కరణే స్థిరపడింది.

భాషతో సంబంధం లేని మాటొకటి: ధిక్కరణ కేసుకు గడువు ఏడాదే. కరపత్రం కన్నా ముందు వకీలును కలవండి.

మరొక్కటి. మీ చిత్తులో ‘మేనేజరుపై అభియోగం రుజువైంది’ అని ఉంది. కోర్టు నమోదు చేస్తేనే అభియోగం, అంతవరకూ ఆరోపణే. ఇలా మార్చుకోండి: ‘హైకోర్టు ఉత్తర్వును కంపెనీ ధిక్కరించిందనీ, మేనేజరు తప్పుడు అఫిడవిట్ వేశాడనీ మా ఆరోపణ.’