సెక్షన్ 80 నోటీసు లేకుండా వేసిన దావా: ఉపసంహరణ మెమోపై సమాధానం

సివిల్ ప్రొసీజర్ కోడ్ (సివిల్ కేసులు నడిచే విధానాన్ని చెప్పే చట్టం) సెక్షన్ 80 ప్రకారం ముందుగా ఇవ్వాల్సిన నోటీసు ఇవ్వకుండానే ప్రభుత్వంపై దావా వేశామని, దాన్ని ఉపసంహరించుకుంటామని మెమో (కోర్టుకు ఇచ్చే చిన్న రాతపూర్వక విన్నపం) ఇస్తే న్యాయమూర్తి ఉత్తర్వు ఇవ్వకుండా వాయిదా వేశారని మీరు రాశారు. ఆ మెమోలో కొత్త దావాకు అనుమతి కోరకపోవడం వల్లే న్యాయమూర్తి ఉత్తర్వు ఇవ్వకుండా వాయిదా వేసి ఉంటారు. అది మీకు మేలే చేసింది. ఆ మెమోను యథాతథంగా ఆమోదిస్తే, సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు 1(4) నియమం ప్రకారం అదే విషయంపై మళ్ళీ దావా వేసే హక్కు పోతుంది.

1. మెమోను వెనక్కి తీసుకుని, అదే ఆర్డరు 1(3) నియమం కింద, కొత్త దావాకు అనుమతి కోరుతూ అఫిడవిట్‌తో ఐఏ (నడుస్తున్న దావాలో వేసే మధ్యంతర దరఖాస్తు) వేయించండి.

2. సెక్షన్ 80 ప్రకారం రెండు నెలల ముందస్తు నోటీసు ఇవ్వలేదని, ఆ లాంఛనప్రాయ లోపం (కేసు అసలు విషయంలో కాక పద్ధతిలో ఉన్న లోపం) వల్ల దావా నిలవదని అందులో స్పష్టంగా రాయించండి. న్యాయ ప్రయోజనాల దృష్ట్యా అనే అరిగిపోయిన వాక్యం ఒక్కటే చాలదు.

3. చాలామంది వదిలేసేది ఇదే: ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ తీసుకుని, ఉపసంహరణకే కాక కొత్త దావాకు కూడా అనుమతి ఇచ్చినట్లు అందులో ఉందో లేదో చదవండి. కోర్టు హాలులో నోటిమాటగా విన్నది తరువాత అక్కరకు రాదు. ఆ మాట లేకపోతే కొత్త దావా వేయకముందే అదే కోర్టును ఆశ్రయించండి.

4. అనుమతి వచ్చినా, అదే ఆర్డరు 2వ నియమం ప్రకారం పాత దావా నడిచిన కాలం, దావా వేయడానికి చట్టం పెట్టిన కాలపరిమితి లెక్కలో సాధారణంగా మినహాయింపు కాదు. కాబట్టి గడువు తేదీని మీ న్యాయవాదితో ముందే లెక్క వేయించి, సెక్షన్ 80 నోటీసును ఆలస్యం చేయకుండా పంపండి.