ఇటుక పొడితో రాసిన మనిషి

తమ్ముడూ,

నువ్వు పంపిన పదకొండు కవితలూ రెండేసిసార్లు చదివాను. నీలో కోపం ఉంది, అది నిజమైన కోపమే. కానీ వాటిలో నెత్తురు అనే మాట తొమ్మిది చోట్ల వచ్చింది, ఒక్క మనిషి ముఖం కూడా కనిపించలేదు. ఉత్తరం చివర మాత్రం, "మా అమ్మ పలాసలో జీడిపిక్కలు ఒలిచే పనికి వెళ్తుంది, వేళ్లు నల్లబడిపోయాయి" అని ఒక వాక్యం రాశావు. నీ కవితలన్నీ పక్కన పెట్టాక కూడా నన్ను వదలనిది ఆ వాక్యమే.

"రాస్తే కేసులంటారు, రాయకపోతే ఊపిరాడదు, ఏం చెయ్యమంటారు?" అని అడిగావు. దానికి బర్మా మనిషి ఒకాయన సంగతి చెప్పాలి. బర్మా మీకు కొత్త దేశమేం కాదులే. ఒకప్పుడు మీ జిల్లా నుంచి కూలికి ఓడెక్కి 'రంగం' పోయినవాళ్లు ఎందరో. ఆ రంగమే రంగూన్, ఇప్పటి యాంగోన్.

ఆయన పేరు విన్ టిన్. అక్కడివాళ్లు ఊ విన్ టిన్ అంటారు, ఆ 'ఊ' మన 'గారు' లాంటిది. 1930లో పుట్టారు. పత్రికా రచయిత. మాండలేలో హంతావడి పత్రికకు సంపాదకుడిగా పనిచేశారు, 1978లో ఆ పత్రిక మూతపడింది. సైనిక పాలనకు ఎదురుతిరిగిన 1988 ఉద్యమంలో ఆంగ్ సాన్ సూచీతో కలిసి నేషనల్ లీగ్ ఫర్ డెమోక్రసీ పార్టీ పెట్టినవాళ్లలో ఆయనొకరు. 1989 జూలై 4న అరెస్టు చేశారు. మళ్లీ బయటికి వచ్చింది 2008 సెప్టెంబర్ 23న. అంటే పందొమ్మిదేళ్లు!

జైల్లో కాగితం లేదు, కలం లేదు. ఇటుక ముక్కను నూరి, ఆ పొడి నీళ్లలో కలిపి, గది గోడల మీద కవితలు రాసుకున్నారు. ఈ మాట చదవగానే దీని మీద ఒక కవిత రాయాలని నీకు చెయ్యి దురద పెడుతుంది. ఆగు. ఆయనకు శిక్ష పెరిగింది ఆ కవితల వల్ల కాదు. 1995లో ఆయనా, తోటి ఖైదీలూ కలిసి ఇన్‌సేన్ జైల్లో తమను ఎలా చూస్తున్నారో ఉన్నదున్నట్టు రాసి, ఐక్యరాజ్యసమితికి చేరేలా చూశారు. అందుకు మరుసటి ఏడాది ఇంకో ఏడేళ్లు వేశారు. జైలు కుక్కల్ని ఉంచే గదిలో, పడుకోడానికి చాప కూడా లేకుండా పెట్టారు. అప్పటికి ఆయనకు అరవై దాటాయి. విచారణల్లో కొట్టిన దెబ్బలకు పళ్లు చాలావరకు ఊడిపోయాయి.

అంత భయం ఎందుకు కలిగింది ఆ సైనిక పాలకులకు? "దుర్మార్గులు" అని నువ్వు వందసార్లు తిట్టు, విని ఊరుకుంటారు. తిండి ఏం పెట్టారు, జబ్బు చేస్తే మందిచ్చారా, ఎవర్ని ఎలా కొట్టారు అని వివరంగా రాస్తే ఊరుకోలేరు. విన్ టిన్ ఉద్యమకారుడైనా ఆయనలోని విలేకరి చివరిదాకా బతికే ఉన్నాడు. నాకు ఆయనంటే ఇంత గౌరవం అందుకే.

నేను ఈ విషయంలో ఒకసారి తప్పు చేశాను. ఓ పత్రిక వాళ్లు అడిగారని కథలోంచి ఊరి పేరు, మేస్త్రీ కూలీలకు లెక్క తగ్గించి ఇచ్చిన సంగతి తీసేశాను. కథ అచ్చయింది. ఇప్పుడు చదివితే అది ఏ ఊళ్లోనైనా, ఎవరికైనా జరిగినట్టుంది, ఎవరికీ జరగనట్టూ ఉంది. ఆ రెండు పేజీలు మళ్లీ నా చేతికి దొరకలేదు.

విన్ టిన్ ఆ పని చెయ్యలేదు. రాజకీయాలు మానేస్తానని సంతకం పెడితే వదిలేస్తామన్నారు, పెట్టలేదు. డెబ్బై ఎనిమిదేళ్ల వయసులో ఖైదీల నీలం చొక్కాతోనే ఇంటికొచ్చారు. మిగతా రాజకీయ ఖైదీలు లోపలే ఉన్నారని, 2014 ఏప్రిల్‌లో పోయేదాకా నీలం చొక్కాలే తొడిగారు.

నిన్ను జైలుకి వెళ్లమని చెప్పడం లేదు, తమ్ముడూ. నీ భయం నాకు తెలుసు, అమ్మ పని పోతుందేమోనన్న టెన్షనూ తెలుసు. అందుకే ముందు అమ్మనే అడుగు. ఆవిడ ఒప్పుకుంటేనే రాయి, వద్దంటే పేరు మార్చు, జీడి బట్టీ పేరు తియ్యి. వేళ్లు మాత్రం మార్చకు. పక్కన కూర్చుని చూడు. పిక్క పగలగొట్టినప్పుడు ఆ జీడి ఎక్కడ అంటుతుంది, చర్మం ఎలా లేస్తుంది, పనికి ముందు చేతులకు ఏం రాసుకుంటుంది, కిలోకి ఎంతిస్తారు, ఆ చేత్తో నీకు అన్నం కలిపి పెట్టేదా?

నాలుగు పేజీలు చాలు. కవితగా వద్దు, మామూలుగా రాసి పంపు. దసరా లోపల అందితే కూర్చుని చదువుతాను.

మీ అన్నయ్య