సమాధానం: నైరోబీలో కొన్న డబ్బాలోది నెయ్యి ఎందుకు కాలేదు

నెయ్యి కోసం, వెన్న అనుకుని మీరు డబ్బాలో తెచ్చింది కాచితే చిటపటలాడి, నురగ పొంగి, చివరికి వాసనా పూసా లేని నూనె మిగిలిందన్నారు కదండీ. అది వెన్న కాదు, స్ప్రెడ్, అంటే వెన్నలా కనిపించే నూనె ముద్ద. కెన్యాలో రొట్టెకి చాలామంది రాసుకునేది బ్లూ బ్యాండ్ లాంటి పామాయిల్ మార్జరిన్లే, షాపులో వెన్న పక్కనే ఉంటాయి. తక్కువ కొవ్వు స్ప్రెడ్‌లోనైతే సగం దాకా నీళ్లే. వాటిని నూనెతో పట్టి ఉంచే ఎమల్సిఫయర్ వల్లే ఆ నురగంతా. ఎంత కాచినా గ్యాస్ దండగ.

డబ్బా మీద బొమ్మ కాదు, వెనక చదవండి. మొదటి పదార్థం క్రీమ్ లేదా పాల కొవ్వు అయ్యుండాలి, కొవ్వు 80 శాతానికి తగ్గకూడదు. ‘బ్లెండ్’ అని ఉంటే నూనె కలిసినట్టే. న్యూ కేసీసీ, బ్రూక్‌సైడ్ లాంటి డెయిరీల వెన్న చూడండి, అన్‌సాల్టెడ్ దొరికితే మేలు. ఉప్పుదైనా నెయ్యి అవుతుంది: ఉప్పు కొవ్వులో కరగదు, మడ్డితో పాటు అడుక్కి దిగుతుంది. ఆ మడ్డి మాత్రం అన్నంలో కలపకండి, ఉప్పు కషాయమే.

అరకిలోకి మందపాటి గిన్నె, సన్నని సెగ. చిటపట ఆగి, అడుగు లేత గోధుమరంగుకి రాగానే దించి వడకట్టండి. సుమారు 380 గ్రాములు వస్తుంది. మిగిలిన స్ప్రెడ్ రొట్టె మీదకి వాడేయండి. కేకుకి వద్దు, నీళ్లెక్కువ.